నాభి పువ్వుకు జాగ

బాన్సువాడలో మేము కిరాయికి ఉంటున్న ఇంటి ఓనరమ్మ పోయిన వానాకాలంలో ఒక కుండీ తెచ్చి, మేడ మీదికి పోయే మెట్ల పక్కన గోడకు ఆనించి పెట్టింది. అందులో ఒక సన్నటి తీగ. ఆకుల కొసలు దారంలా సాగి, మెలిక తిరిగి, పక్కన పాతిన కర్రను పట్టుకుని పైకి పాకుతున్నాయి. బట్టలు ఆరేయడానికి పోతూ వస్తూ ఆ మెలికలు చూసినప్పుడే నాకు అనుమానం వచ్చింది గాని, కాదులే, అది ఇక్కడికెందుకు వస్తుంది అనుకున్నాను. శ్రావణం పోయేలోపు మొగ్గ వేసింది. తలకిందులుగా వేలాడే ఆకుపచ్చటి మొగ్గ ఒకనాడు పసుపుగా విప్పుకుని, రేకులన్నీ వెనక్కి విరుచుకుని, మరునాటికి ఎరుపెక్కి, పొయ్యిలో పుల్లలు అంటుకున్నట్టు నిలబడింది.

ఓనరమ్మ మంచి మనిషి. కాలువ కింద వరి సాగు చేసుకునే ఆంధ్రా రైతుల క్యాంపులో పుట్టి పెరిగింది, నన్ను ఒక్కనాడు ఒక్క మాట తక్కువ చేసి అనలేదు. ఆ పొద్దు నన్ను కేకేసి పిలిచి చూపించింది.

"చూశారా పెద్దమ్మా, ఎంత బాగా పూసిందో. అగ్నిశిఖ అంటారంట. ఆన్‌లైన్‌లో గడ్డ తెప్పించి వేశాను. ఒకప్పుడు మీ గుట్టల మీద ఉండేదంట కదా, మీరు చూసే ఉంటారు."

"తెల్వదమ్మా. నేనెన్నడు సూడలే" అన్నాను.

అని, బకెట్టు పట్టుకుని గబగబ పైకి ఎక్కిపోయాను. అది నాభి పువ్వు. మద్నూర్ దాటితే మరాఠీ వాళ్ళు కళలావి అంటారు. ఆ పువ్వును ఒక మనిషి కొంగులో మూట కట్టుకుని గుట్ట దిగి వస్తుంటే కళ్ళారా చూసినదాన్ని నేను, ఒకసారి కాదు, నా కాపురం మొదటి ఏండ్లన్నీ చూసినదాన్ని. తెలుసు అంటే తర్వాత మాట అడుగుతుంది, ఎక్కడ చూశావు, ఎవరు తెచ్చేవారు అని. ఆ తర్వాతి మాటకు భయపడి తెల్వదన్నాను.

నాకు సంతకం పెట్టడం వరకే వచ్చు, అది కూడా వంకరగా. నేను చెప్తుంటే నా కోడలు రాస్తున్నది. కొడుకు మద్నూర్ దారిలో లారీ నడుపుతాడు, ఇంట్లో ఉండేది తక్కువ. కోడలు ఆఫీసులో పని చేస్తుంది, ఇంటికొచ్చాక నాకోసం కాసేపు ఇలా కూర్చుంటుంది. నా గొంతు గరుకు గొంతు. మామూలుగా మాట్లాడినా కొట్లాడినట్టే వినిపిస్తుంది. ఆమెకు ఆఫీసు ఫోను వచ్చినప్పుడు నా గొంతు అవతలికి వినబడకుండా తలుపు దగ్గరగా వేసుకుంటుంది. ఇది కూడా రాయమన్నాను, రాసింది, తల మాత్రం ఎత్తలేదు. నాకు దాని మీద కోపం లేదు. అటువంటి తలుపు నేనూ ఒకప్పుడు ఒక మనిషి ముఖాన వేసినదాన్నే, ఆ సంగతే చెప్పబోతున్నాను. నా ఈడు వాళ్ళు ఎవరైనా వింటే వాళ్ళకు అర్థమవుతుంది.

మా పుట్టిల్లు బిచ్కుంద. నాయన అంగడి వీధిలో చాయ్ బండి పెట్టేవాడు. పెద్ద కలిమి ఏమీ లేదు గాని, అంగడి ఊళ్ళో పెరిగినదాన్నని, నలుగురు మనుషుల మధ్య మసిలినదాన్నని నాకు లోపల ఒక మురిపెం ఉండేది. పెళ్ళి చేసి పంపిన ఊరు బాన్సువాడకు దగ్గర్లో, గుట్ట కింద పది పదిహేను ఇండ్ల వాడకట్టు. అత్తగారింట్లో మేకలు. ఇంట్లోకి అడుగు పెట్టిన రోజే మేకల వాసన నా కొత్త చీరకు పట్టింది, ఇగ ఎన్నిసార్లు ఉతికినా పోయినట్టు అనిపించేది కాదు. మామ ముందే పోయాడు. అత్త నడుముకు చిన్న కొడవలి దోపుకుని, భుజాన నీళ్ళ సొరబుర్ర వేసుకుని, పొద్దు పొడిచేటప్పటికి మేకలను తోలుకుని గుట్ట ఎక్కేది, పొద్దు గూకేటప్పటికి దిగేది. మాట తక్కువ మనిషి. నన్ను ఒక్కనాడు తిట్టింది లేదు. నాకు మాత్రం ఆమె పక్కన నడవాలంటే నామోషీ. బాన్సువాడ అంగడికి కలిసి పోవాల్సి వస్తే నేను నాలుగు అడుగులు ముందు నడిచేదాన్ని. ఆమె ఎన్నడూ ఆ నాలుగు అడుగులు కలుపుకోవాలని చూడలేదు.

ఆ గుట్ట చూడటానికి ఉత్త బండలు. ఎండాకాలంలో చెప్పులు లేకుండా కాలు పెడితే అరికాలు కాలిపోయేది, ఇంత పచ్చదనం కనిపించేది కాదు. రెండు వానలు పడితే ఆ బండల సందుల్లోంచి ఎక్కడలేని పచ్చదనం లేచేది. అందులో నాభి ఒకటి. దాని గడ్డ విషం. మేక కూడా వాసన చూసి తల తిప్పుకుంటుంది. నీళ్ళు పోసుకున్న, అంటే కడుపుతో ఉన్న ఆడవాళ్ళను ఆ దిక్కుకు రానిచ్చేవాళ్ళు కాదు, పిల్లలు ముట్టుకుంటే వీపు మీద ఒకటి వేసి చేతులు కడిగించేవాళ్ళు. అయినా మా అత్తకు ఆ పువ్వు మీద ఏదో గురి. వాళ్ళ అమ్మ నుంచి వచ్చిన పద్ధతి ఒకటి ఆమెకుండేది: సద్దుల బతుకమ్మ నాడు ఆ పువ్వు ఒకటో రెండో తెచ్చి, బతుకమ్మ పైన గౌరమ్మ పక్కన పెట్టించేది. అప్పటికి వానలు వెనకబడి తీగలన్నీ వాడిపోయి ఉండేవి. గుట్ట వెనక, పొద్దు పడని నీడ దిక్కున, మనిషి పక్కవాటంగా దూరవలసిన సందుల్లో ఏ ఒకటో అరో మిగిలేది. దాన్ని గోటితో గిల్లి తెచ్చేది, తీగ కదలకుండా. ముందు పూసిన పువ్వుల కాయలు ఎండి ఉంటే, వాటిని విప్పి ఎర్రటి గింజలు బండ సందుల్లో మట్టి ఉన్నచోట దోపి వచ్చేది. నాతో ఒకటి రెండుసార్లు దాని సంగతి చెప్పబోయింది, గడ్డ ఎట్లా ఉంటుంది, ఎండాకాలం ఎక్కడ పడుకుంటుంది అని. నేను పొయ్యి ఊదుకుంటూ ఊఁ కొట్టాను. ఏం చెప్పిందో ఇప్పుడు గుర్తులేదు.

ఇక్కడ ఒక సంగతి చెప్పాలి. మా వాడకట్టులో మొగుడు పోయిన ఆడది బతుకమ్మ పేర్చదు, ఎత్తుకోదు, చుట్టూ తిరిగి పాడదు. దూరంగా నిలబడి చూస్తుంది. ఎవరూ పొమ్మని అనరు, అనవలసిన పని కూడా లేదు, ఆమే నిలబడుతుంది. అట్లా మా అత్తకు ఆ పండుగలో మిగిలింది ఆ పువ్వు ఒక్కటే. గుట్ట మీది నుంచి ఆమె తెస్తుంది, కోడలి చేతికిస్తుంది, కోడలు పైన పెడుతుంది. ఆడవాళ్ళు చుట్టూ తిరుగుతుంటే, మేకల కొట్టం దడి పక్కన నిలబడి, తను తెచ్చిన పువ్వు పైన కదులుతుంటే చూసుకునేది. ఆమెకున్న పండుగంతా అదే. ఇది నాకు అప్పుడు తెలియక కాదు. తెలుసు. తెలిసీ దానికి విలువ కట్టలేదు.

నేను ఆ రోజుల్లో క్యాంపు పొలాలకు నాట్లకు పోయేదాన్ని. అక్కడి ఆసామి భార్య చేతివాటం ఉన్న మనిషి, అంటే పెట్టే చేతివాటం. వాళ్ళ పెరట్లో బంతి విరగబూసేది. ఒక ఏడు సద్దులకు ముందు నన్ను పిలిచి గంపెడు బంతిపూలు కోసుకొమ్మన్నది, పైన పెట్టుకొమ్మని రెండు పెద్ద చామంతులు కూడా ఇచ్చింది. ఆ గంప నెత్తిన పెట్టుకుని కాలువ గట్టు మీద నడిచి వస్తుంటే నాకు కలిగిన సంబరం ఇప్పుడు చెప్పుకుంటే నవ్వొస్తుంది. మా వాడకట్టులో అందరూ తంగేడు, గునుగు తెచ్చుకునేవాళ్ళే. బంతి కొనేంత చేయి ఎవరికీ ఆడదు. ఆ ఏడు మా బతుకమ్మ అందరికన్నా ఎత్తుగా ఉండాలని, పటేలు ఇంటి బతుకమ్మ పక్కన పెట్టినా తీసిపోకూడదని, పొద్దుటినుంచి కూర్చుని పేర్చాను. గుమ్మడాకులు పరిచి, తంగేడు వరుస, రంగు వేసిన గునుగు వరుస, బంతి వరుస, మళ్ళీ గునుగు. నడుమ ఆకులు కుక్కుతూ, వంకర పోకుండా నాలుగు దిక్కులా తిరిగి చూసుకుంటూ. పైన పసుపు గౌరమ్మ, అటూ ఇటూ చామంతులు.

అత్త మధ్యాహ్నం గుట్ట ఎక్కింది. ఆ ఏడు వానలు తక్కువ, పువ్వు దొరకడం కష్టమని నాకు తెలుసు. దొరకకపోతే బాగుండునని అనుకున్నాను కూడా.

పొద్దు వాలింది. అందరూ బతుకమ్మలు తెచ్చి నడివాడలో దించుతున్నారు. మా ఇంటి ఎదురుగా ఉండే వదిన, వరసకు వదిన, నోరున్న మనిషి, ఆమె హాస్యానికి వాడకట్టంతా పడి నవ్వేది, మా బతుకమ్మ చుట్టూ ఒకసారి తిరిగి నడుం మీద చేయి వేసుకుని నిలబడింది.

"ఏందే మరదలా, గీ ఏడు క్యాంపు బతుకమ్మ దిగింది మన వాడకు. మీ మొగని మేకలన్ని అమ్మినవా ఏంది?"

"అమ్మితే నీకు చెప్పే అమ్ముత గదా వదినా, నువ్వే కొంటవు" అన్నాను. అందరూ నవ్వారు. నా ముఖం వెలిగిపోయింది.

సరిగ్గా అప్పుడు అత్త వచ్చింది. మేకలు ముందు, ఆమె వెనక. చీర మోకాలి దగ్గర చిరిగి ఉంది, పిక్క మీద బండ గీరుకుని నెత్తురు చారలు కట్టి ఉంది, దాని సోయే లేదు ఆమెకు. కొంగు మూట విప్పింది. రెండు పువ్వులు. తడి గడ్డిలో చుట్టి తెచ్చింది గనుక ఇంకా నిలిచి ఉన్నాయి, ఎర్రగా, కొసలు పైకి లేచి.

వదిన చూసింది. చూసి ఊరుకుంటే ఆమె వదిన ఎందుకవుతుంది.

"అగో, అచ్చె మేకల పువ్వు. కాదత్తా, మేకలు సుత ముట్టని పువ్వును గౌరమ్మకు వెడ్తరా మీ ఇంట్ల? గౌరమ్మకు కడుపుల నొస్తె దవాఖానకు ఎవలు తోల్కపోతరు?"

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. అందరికన్నా కొంచెం గట్టిగానే నవ్వాను. అత్త కూడా కొద్దిగా నవ్వి, ఎప్పటిలాగే ఆ పువ్వులు నా దిక్కు చాచింది.

"పెట్టు బిడ్డా" అన్నది.

నేను ఆ చేతిని చూశాను. గోళ్ళలో మట్టి, తీగ పసరు, నెత్తుటి మరక. నా చామంతులను చూశాను.

"పైన జాగ లేదత్తా" అన్నాను.

జాగ ఉంది. గౌరమ్మ వెనక దిక్కు అరచేతంత జాగ ఉంది. ఆమె అక్కడే నిలబడి ఉంది, ఆమెకూ కనిపిస్తూనే ఉంది. ఒకసారి బతుకమ్మ పైకి చూసింది, ఒకసారి నన్ను చూసింది. "మంచిది బిడ్డా" అన్నది. అంతే. చేయి వెనక్కి తీసుకుని, మేకలను కొట్టంలోకి తోలి, దడి వేసింది. మేము చప్పట్లు కొట్టుకుంటూ తిరిగాము, పాడాము, కాలువ దాకా పోయి బతుకమ్మను సాగనంపాము, సద్దులు పంచుకుని తిన్నాము. తిరిగి వచ్చేటప్పుడు వదిన నా భుజం మీద చేయి వేసి, మీదే అందరికంటే పెద్దది పిల్లా అన్నది. తెల్లారి చూస్తే ఆ రెండు పువ్వులూ కొట్టం గోడ మీద ఉన్నాయి, వాడిపోయి, పక్కపక్కన సర్ది పెట్టినట్టు.

అత్త ఆ సంగతి మళ్ళీ ఎత్తలేదు. తిండి మానలేదు, మాట మానలేదు, మూతి ముడుచుకోలేదు. మా ఆయనకు చెప్పలేదు. ఒక్క మాట అని ఉంటే నేను కూడా ఒక మాట అని, ఏడ్చి, కాళ్ళు పట్టుకుని, ఎక్కడో ఒకచోట అది తెగిపోయేది. ఆమె అనలేదు గనుక నాకు ఆ జాగ దొరకలేదు.

మరుసటి ఏడు నేను క్యాంపుకు పూలకు పోలేదు. తంగేడు, గునుగు మాత్రమే పేర్చి, పైన గౌరమ్మను ఒక పక్కకు పెట్టి, ఇంకో పక్క ఖాళీగా వదిలిపెట్టాను. మధ్యాహ్నమైంది. ఆమె మేకలను గుట్ట ముందు దిక్కునే మేపుతున్నది, మా వాకిట్లోంచి కనిపిస్తున్నది. వెనక దిక్కుకు పోతుందేమోనని నేను పనులు వదిలేసి గుమ్మంలోకి వచ్చి వచ్చి చూశాను. పోలేదు. పోయి అడగాలి. ఇంత దూరం, పిలిస్తే వినబడేంత దూరం. అత్తా, పువ్వు తేవా అని ఒక్క మాట. నాకు నోరు రాలేదు. సిగ్గు. తప్పు చేసినప్పుడు లేని సిగ్గు, దిద్దుకుందామంటే వచ్చి అడ్డం నిలబడింది. వదిన వచ్చి చూసి, ఏందే ఒక దిక్కు బోడిగా ఉన్నది అంటే, పూలు సరిపోలేదన్నాను. ఆ ఖాళీ జాగతోనే బతుకమ్మ కాలువలో కలిసింది. ఆ తర్వాత ఏ ఏడూ అత్త నాభి పువ్వు కోసం పోలేదు, నేను అడగలేదు.

అంతలోకి గుట్టకే గండం వచ్చింది. ముందు ఎవరో బయటి మనుషులు వచ్చి, మందులకు పనికొస్తుందని నాభి గడ్డలు తవ్వించుకుని గోనె సంచుల్లో పట్టుకుపోయారు. తవ్విపెట్టింది మా వాడకట్టు వాళ్ళే. తర్వాత కంకర మిషన్ వచ్చింది. గుట్టను తొలిచే పని వెనక దిక్కునుంచి, ఆ నీడ దిక్కునుంచే మొదలైంది. మా ఆయన అక్కడే పనికి కుదిరాడు, నేనూ పోయాను. మేకల బతుకు కన్నా నయమని సంబరపడి పోయాము. మిషన్ చప్పుడు మీద అరిచి అరిచి, ఆ దుమ్ము మింగి మింగి నా గొంతు ఇట్లా అయింది. మా ఆయనకు ఊపిరాడని దమ్ము పట్టింది, చాలా ఏండ్లు దవాఖానల చుట్టూ తిరిగి, ఆఖరికి పోయాడు. ఆయనకన్నా ముందే అత్త పోయింది. మేకలు తగ్గిపోయి, ఎక్కడానికి గుట్ట లేక, చివరి రోజుల్లో మంచం వాకిట్లో వేయించుకుని ఆ దిక్కే చూస్తూ పడుకునేది. అక్కడ దుమ్ము తప్ప ఏమీ కనిపించేది కాదు.

ఇగ మళ్ళీ కుండీ దగ్గరికి వస్తాను. పోయిన ఏడు సద్దుల నాడు ఓనరమ్మ బతుకమ్మ పేర్చింది. క్యాంపు వాళ్ళు మొదట్లో బతుకమ్మ ఆడేవాళ్ళు కాదు, ఇప్పుడు మాకన్నా బాగా ఆడతారు. కుండీలో చివరగా మిగిలిన పువ్వును కత్తెరతో కత్తిరించి, గౌరమ్మ పక్కన పెట్టింది. వీధి ఆడవాళ్ళంతా మూగి, ఎక్కడిది, ఎంత బాగుంది, ఎక్కడ కొన్నారు అని ఒకటే అడగడం, ఫోన్లు పట్టుకుని ఫోటోలు తీయడం. నేను మెట్ల మీద కూర్చుని చూస్తున్నాను. మా ఆయన పోయినప్పటినుంచి నా చోటు అదే. ఆ పువ్వు పైన కదులుతున్నది, చుట్టూ చప్పట్లు. మేకల కొట్టం దడి పక్కనుంచి ఆమెకు ఎట్లా కనిపించేదో నాకు అప్పుడు కనిపించింది. నేను లేచి ఇంట్లోకి పోయి తలుపు వేసుకున్నాను.

దీపావళి దాటాక తీగ ఎండిపోయింది. ఓనరమ్మ నీళ్ళు పోసి, ఎరువు వేసి చూసి, విసిగి, ఒకనాడు కుండీని గేటు దాకా మోసుకొచ్చింది.

"చచ్చిపోయింది పెద్దమ్మా. చెత్తబండికి వేసేస్తాను."

చావలేదని నాకు తెలుసు. పడుకున్నది. ఆ ఒక్క మాట చెప్పడానికి కూడా, అంతకుముందు తెల్వదన్న మాట అడ్డం వచ్చింది.

"నాకియ్యమ్మా. కుండి పనికొస్తది, కొత్తిమీర ఏసుకుంట" అన్నాను.

తెచ్చి మా గుమ్మం పక్కన పెట్టుకున్నాను. ఇగ ఆ రోజునుంచి నా ప్రాణం దాని మీదే. చలికాలం, ఎండాకాలం, రోజూ పొద్దున బియ్యం కడిగిన నీళ్ళు దానికే. ఎండలు ముదిరినాక సాయంత్రం ఇంకో చెంబు. ఈ ఒక్కటైనా నా చేతి మీద బతకాలి, బతికితే అత్తకు ఏదో చేరుతుంది అనిపించేది. కోడలు చూసి చూసి ఒకరోజు అడిగింది.

"ఉత్త మట్టికి గన్ని నీళ్ళెందుకు పోస్తున్నవ్ అత్తమ్మా? కొత్తిమీర ఏసిందే లేదు గదా."

"నీకెందుకే, నీ పని సూస్కో" అన్నాను. ఆ గరుకు గొంతుతోనే అన్నాను.

ఈ ఏడు మొదటి వానలు పడ్డాయి. గోడల మీద కూడా గడ్డి మొలిచింది. కుండీలో ఏమీ రాలేదు. ఇంకో వాన చూశాను, ఇంకోటి చూశాను. ఆఖరికి మొన్న చేత్తో మట్టి తీశాను. మురుగు వాసన కొట్టింది. గడ్డ నాగలి కర్రలా రెండు కొమ్మలుగా ఉంది. ఒక కొమ్మ చేతికి తగలగానే అన్నం మెతుకులా నలిగిపోయింది. అప్పుడు గుర్తొచ్చింది, అరికాలు కాలే ఆ బండలు. ఎండాకాలమంతా ఆ బండల నడుమ దీనికి ఎవరు నీళ్ళు పోశారు? ఎవరూ పోయలేదు. పోయకపోవడం వల్లనే బతికింది. పడుకున్నదని తెలిసినదాన్ని, పడుకున్నదాన్ని తడపకూడదని తెలుసుకోలేకపోయాను. అత్త నాకు చెప్పబోయింది అదేనేమో. పొయ్యి దగ్గర ఊఁ కొట్టినప్పుడు.

రెండో కొమ్మ మాత్రం గట్టిగా ఉంది. కొసన ఒక తెల్లటి మొటిమలాంటిది, అది మొలకో, మచ్చో నాకు తెలియదు. కుళ్ళినంత మేర కోసేసి, పసుపు కొమ్ముకు పూసినట్టు బూడిద పూసి, నీడన ఆరబెట్టి, చేతులు రుద్ది రుద్ది కడుక్కుని, దాన్ని గుడ్డలో పెట్టుకుని ఓనరమ్మ దగ్గరికి పోయాను. ఆమె టీవీ చూస్తున్నది.

"అమ్మా, ఇది నాభి గడ్డ. నాకు ఎరుకే. మా అత్త తెచ్చేది ఈ పువ్వు, గుట్ట మీదికెల్లి, బతుకమ్మకు" అన్నాను.

ఆమె గడ్డను చూసింది, నన్ను చూసింది. "మరి ఆ రోజు తెలియదన్నారుగా పెద్దమ్మా?" అన్నది, తప్పు పట్టినట్టు కాదు, ఆశ్చర్యంగా. తల వంచుకుని నిలబడ్డాను. ఆమెకు ఏమనిపించిందో, లేచి వచ్చి, నా చేయి పట్టుకుని కూర్చోబెట్టింది. బతికితే ఈసారి బతుకమ్మ మీద మీ చేత్తోనే పెట్టండి అన్నది. మొగుడు పోయినదాన్ని గదమ్మా అంటే, ఈ రోజుల్లో అవన్నీ ఎవరు పట్టించుకుంటారు పెద్దమ్మా అన్నది.

"పైన జాగుంటదా అమ్మా?" అని అడిగాను. నోట్లోంచి వచ్చేసింది.

ఆమె నవ్వింది. "ఒక్క పువ్వుకి జాగా ఎందుకుండదు పెద్దమ్మా?"

ఇప్పుడు ఆ గడ్డ పొడి ఇసుక కలిపిన మట్టిలో, అదే కుండీలో ఉంది. నేను వయసులో ఉన్నప్పుడు గుట్టమీద ఊరికే దొరుకుతుందని ఆ పువ్వును చూసి నవ్వాము. ఇప్పుడు డబ్బు పెట్టి ఎక్కడినుంచో తెప్పించుకుంటున్నందుకు దాని చుట్టూ మూగుతున్నాము. బతుకమ్మ ముందు రోజున బాన్సువాడలో రోడ్డు పొడుగునా తంగేడు కూడా కట్టలు కట్టి అమ్ముతున్నారు. దడి పక్కన నిలబడేవాళ్ళను చుట్టూ తిరగడానికి రమ్మనే రోజులు వచ్చాయి, అది మంచిదే, కాని ఆ మాట వినవలసిన మనిషి లేదు, ఆమె ఎక్కిన గుట్ట లేదు. అది ఉన్నచోట ఇప్పుడు వాన నీళ్ళు నిలిచిన గుంత. ఆ కంకర ఏ ఊరి రోడ్డు కింద ఉందో.

రాత్రి వాన పడింది. లేచి కుండీని చూరు కిందికి జరిపాను. తడి తగలాలో, తగలకూడదో, ఎంత తగిలితే లేస్తుందో నాకు తెలియదు. కోడలు ఫోనులో చూసి చెప్తానన్నది, చూసింది, నాలుగు రకాలుగా ఉందట. అత్త ఉంటే ఒక్క మాటలో చెప్పేది. అడిగితే చాలు, చెప్పేది. ఒకే ఇంట్లో, గోడకు అవతల, అన్ని ఏండ్లు పడుకున్నది.